సాంచాలు ఆగాక వినిపించిన చప్పుడు

మరమగ్గాలను మా వాళ్లు సాంచాలు అంటారు. అవి ఒక్కరోజు ఆగితే ఎంత హాయిగా ఉంటుందోనని పెళ్లై సూరత్ వచ్చినప్పటి నుంచీ అనుకునేదాన్ని. మా గది గోడకు అవతలే కార్ఖానా. గోడ అదిరేది, నేల అదిరేది, గూట్లో గిన్నెలు వాటంతటవే ఒకదాన్నొకటి ఒరుసుకునేవి. ఏం చెప్పాలన్నా అరిచి చెప్పాలి. అసలే నాకు ముక్కు మీద కోపం. ఊళ్లో పెళ్లిళ్లకు వెళ్తే నేనూ మా అత్తమ్మా మాట్లాడుకోవడం చూసి, కొట్టుకుంటున్నామేమోనని చుట్టాలు మధ్యలోకి వచ్చేవాళ్లు.

లాక్‌డౌన్‌తో సాంచాలు ఆగాయి. ఒకరోజు మధ్యాహ్నం అన్నాలు తిని అత్తమ్మతో సహా అందరం ఆ ఒక్క గదిలోనే నడుం వాల్చాం. గోడలోంచి దబ్, దబ్ అని చప్పుడు మొదలైంది. మా ఆయన దిగ్గున లేచాడు.

"సేటు దొంగతనంగ సాంచా నడిపిస్తుండు. పోలీసోల్లు వస్తే మనల్నే గుంజుకపోతరు," అంటూ మాస్కు కట్టుకుని వెళ్లాడు. కార్ఖానాకు తాళం వేసే ఉంది. నమ్మకం కుదరక ఆ తాళాన్ని లాగి చూసి మరీ వచ్చాడు. చప్పుడు మాత్రం ఆగలేదు.

అది మా పాప. అప్పటికి మూడేళ్లది. గోడవారన బోర్లా పడుకుని, మోచేతుల మీద లేస్తూ, ముందుకీ వెనక్కీ ఊగుతూ నుదురు గోడకేసి కొడుతోంది. కళ్లు మూసే ఉన్నాయి. గొంతులో సన్నగా ఏదో కూనిరాగం. గట్టిగా పిలిచేసరికి ఆగి, ఎందుకు లేపావన్నట్టు నన్ను చూసి, అటు తిరిగి పడుకుంది. కాసేపటికి మళ్లీ మొదలు.

ఎప్పటినుంచి ఇలా చేస్తోందో మాకు తెలియదు. గదంతా అదురుతుంటే అందులో పిల్ల అదురు వేరుగా ఎవరికి తెలుస్తుంది? నుదుటి మీద బొప్పి కనిపించినప్పుడల్లా ఆటల్లో పడి ఉంటుందిలే అనుకున్నాం.

ఇక నాకు కుదురు లేదు. పాప నిద్రపోతే పక్కనే కాపలా, మేలుకుంటే మళ్లీ ఎప్పుడు నిద్రపోతుందోనని బెంగ. గోడకు దిండ్లు ఆనించాను, అవి జారిపోయాయి. దూరంగా పడుకోబెడదామంటే అటు బియ్యం సంచులు, ఇటు కుట్టు మిషను. బయట తిరుగుదామంటే పోలీసులు, లోపల తిరుగుదామంటే చోటు లేదు. అన్నం ముందు కూర్చుని కూడా తినకుండా లేచిపోయేదాన్ని.

ఫిట్స్ అన్న మాట ముందు అత్తమ్మ నోటి నుంచే వచ్చింది.

"వాత పెడితే పోతది. నీ మొగడు గూడ చిన్నప్పుడు గిట్లనే ఊగేటోడు. వాతలు పడ్డంక కుదురైండు."

మా ఆయన బొడ్డు చుట్టూ నల్లటి మచ్చలుంటాయి. పసుపు కొమ్ము కాల్చి పెట్టినవి. పెళ్లైన కొత్తలో అడిగితే చిన్నప్పుడేదో రోగం అని మాట దాటేశాడు. ఇప్పుడు నా కళ్లకు ఆ మచ్చలన్నీ పాప పొట్ట మీదే కనిపించసాగాయి.

ఆస్పత్రికి వెళ్లాలంటే కరోనా భయం. సూరత్‌లోనే వరాఛా వైపు ఒక తెలుగు డాక్టరమ్మ ఫోన్లో చూస్తోందని తెలిసి, పాప ఊగుతుండగా వీడియో తీసి పంపాను. సాయంత్రం ఆమే ఫోన్ చేసింది.

"పిలిస్తే ఆగుతుందా?"

"ఆగుతదమ్మా."

"మెలకువగా ఉన్నప్పుడు బాగా మాట్లాడుతుందా?"

"నోరు మూయదు. నా బిడ్డే గదా."

ఆమె నవ్వింది. చూసినదాన్ని బట్టి అది ఫిట్స్‌లా లేదంది. కొందరు పిల్లలు తమను తామే ఊపుకుంటూ నిద్రలోకి జారుకుంటారట, ఎదిగేకొద్దీ చాలామందికి తగ్గిపోతుందట. కట్టేయొద్దు, తిట్టొద్దు, తలకు దెబ్బ తగలకుండా చూడండి చాలంది. ఒళ్లు బిగుసుకుపోయినా, పిలిస్తే పలకకపోయినా మాత్రం వెంటనే తీసుకురమ్మంది. ఫోన్ పెట్టేసి ఏడ్చాను. ఆ పూటే కుట్టు మిషను గుమ్మం బయటికి నెట్టేసి, పాప పక్కను గది మధ్యకు మార్చాను.

అత్తమ్మకు ఇవేవీ తలకెక్కలేదు. "ఫోన్ల జూసి రోగం జెప్తదా? పిల్లను ముట్టిందా, నాడి పట్టిందా?" అంది.

మర్నాడు మధ్యాహ్నం నేను నీళ్లు పట్టుకుని వచ్చేసరికి ఆమె పొయ్యి దగ్గర నిలబడి, పట్టకారుతో పసుపు కొమ్మును మంట మీద పెట్టి ఉంది. గది మధ్యలో పాప కళ్లు మూసుకుని ఊగుతోంది. మా ఆయన మూలన మోకాళ్లు ముడుచుకుని కూర్చున్నాడు. బిందె గుమ్మంలోనే దించేసి పాపకు అడ్డంగా నిలబడ్డాను.

"దాని మీద చెయ్యి వేస్తే నేనూరుకోను అత్తమ్మా."

"నేనేమన్న పగదాన్నా? నా కొడుక్కు పెట్టలేదా? అడుగు వాన్ని. వాతలు పడ్డంక మళ్ల ఎన్నడన్న ఊగిండా?"

తల్లి మాటకు ఎదురు చెప్పడం ఎరగని మనిషి మా ఆయన. తలెత్తకుండానే అన్నాడు.

"ఊగిన."

అత్తమ్మ అటు తిరిగింది.

"నువ్వు చూస్తే మళ్ల పెడ్తవని, నువ్వు పండుకునేదాంక కండ్లు మూస్కొని కదలకుండ పడి ఉండేటోన్ని. నువ్వు నిద్రవోయినంక ఊగేటోన్ని."

ఆమె పొయ్యి ఆపింది. పట్టకారు చేతిలో అలాగే ఉంది. పాప ఊగడం మానేసి నిద్రలోకి జారుకుంది.

"నిద్రవట్టిందని దగ్గరికొచ్చి చూసి, నీ తల నిమిరి పోయేదాన్ని గదరా," అంది చివరికి.

"అప్పుడు గూడ మేల్కొనే ఉండేటోన్ని అమ్మా."