పేజీ నంబరు రాసుకోమన్న మాస్టారు

మాస్టారు పోయారు. మంగళవారం ఉదయం నేను సబ్‌వేలో ఆఫీసుకు వెళ్తుండగా వాళ్ళమ్మాయి ఫోన్ చేసింది. "అక్కా, డాడీ..." అని ఆగిపోయింది. నిద్రలోనే గుండె ఆగిందట. నేను దిగాల్సిన స్టేషన్ ఎప్పుడు దాటిపోయిందో తెలియలేదు. చివరి స్టేషన్‌లో రైలు ఖాళీ చేయమన్నప్పుడు దిగి, అక్కడి బెంచీ మీద చాలాసేపు కూర్చుండిపోయాను.

ఆయన నాకు బళ్ళో చదువు చెప్పినవారు కాదు. ఆనకట్టలు కట్టే ఇంజనీరు, రిటైరై నార్త్ యార్క్‌లో మా పక్క బిల్డింగులో ఉండేవారు. ఆరేళ్ళ కిందట లైబ్రరీలో పరిచయం. నాకు పాత వంతెనలంటే ఇష్టం. వాటి గురించి ఇంటర్నెట్‌లోని తెలుగు విజ్ఞాన సర్వస్వంలో వ్యాసాలు రాస్తుంటాను. ఆ రోజు ఒకప్పటి యుగోస్లావియాలోని ఒక చిన్న ఊరి రాతి వంతెన గురించి రాయబోయి, సిరిలిక్ లిపిలో ఉన్న పుస్తకం ముందు పెట్టుకుని బిక్కమొహం వేశాను. వెనక నుంచి ఎవరో ఆ పేజీని గడగడా పైకి చదివేశారు. తిరిగి చూస్తే, మెడలో మఫ్లర్ చుట్టుకున్న తెలుగు పెద్దాయన.

"తెలుగులో రాస్తున్నావా అమ్మాయ్? ఈ వంతెన గురించా?" అన్నారు. అడుగుతున్నప్పుడు ఆయన గొంతు మారింది. ఎందుకో నాకు అప్పుడు తెలియదు.

కుర్రతనంలో స్కాలర్‌షిప్ మీద ఆ దేశం వెళ్ళి చదువుకున్నారట. ఆ దేశపు భాష సెర్బో-క్రొయేషియన్ అక్కడే నేర్చుకున్నారు. అక్కడి అమ్మాయినే పెళ్ళి చేసుకున్నారు. ఆ రోజు నుంచి ప్రతి శనివారం లైబ్రరీలో నా పక్కన కూర్చునేవారు. మనసులో చదువుకోవడం ఆయనకు చేతనయ్యేది కాదు. పైకి చదవాల్సిందే. పక్క టేబుళ్ళవాళ్ళు తలెత్తి చూసేవారు.

"ఒకటే భాష, రెండు లిపులు. దేశం ముక్కలయ్యాక ఎవరి పేరు వాళ్ళు పెట్టుకున్నారు. అందుకని ముందు ఎవరు రాశారో చూడు, ఏ ఊళ్ళో అచ్చయిందో చూడు. ఏం రాశారన్నది ఆ తర్వాత" అనేవారు.

ఒకసారి వంతెన కూలిన నెల నేను నవంబరు అని రాశాను. పుస్తకంలో ఉన్న మాట 'లిస్తొపాద్'. నేను చూసింది చెక్ భాష నిఘంటువు. మాస్టారు కోప్పడలేదు. "రెండు చోట్లా ఆకులు రాలే నెల అనే అర్థం. చెక్ వాళ్ళకి అది నవంబరు, క్రొయేషియన్‌లో అక్టోబరు. ఆకులు అన్నిచోట్లా ఒకేసారి రాలవు గదమ్మా" అన్నారు.

అది దిద్దాను. కానీ ఆ వ్యాసంలో ఇంకో వాక్యం ఉంది. యుద్ధంలో వంతెన కూలినప్పుడు దానిమీద ఎవరూ లేరని. నేను చూసిన రెండు పుస్తకాల్లోనూ అలాగే ఉంది. మాస్టారు ఆ వాక్యం దగ్గర వేలు పెట్టి చాలాసేపు తీయలేదు.

"మా అత్తగారు ఉన్నారమ్మాయ్" అన్నారు.

ఇప్పుడే మార్చేస్తానన్నాను.

"వద్దు. నేను చెప్పాననేది ఆధారం కాదు."

"మీ దగ్గర ఏమీ లేదా మాస్టారూ?"

"మా బావమరిది రాసిన ఉత్తరం ఉంది. ఉత్తరం మా ఇంటిది. అందరూ తెరిచి చూసుకోగలిగింది ఏదైనా దొరికితే మార్చు."

రెండు చలికాలాలు వెతికాం. ఇంటర్నెట్‌లో దొరికినవన్నీ చూశాం. వేరే యూనివర్సిటీల నుంచి పుస్తకాలు తెప్పించుకున్నాం. అంతకాలమూ ఆ అబద్ధం వ్యాసంలో అలాగే ఉంది. దాన్ని అక్కడ పెట్టింది నేను. ఆయన ప్రతి శనివారం దాన్ని చూస్తూనే నా పక్కన కూర్చున్నారు.

చివరికి ఆ ఊరి బడి అచ్చువేసిన ఒక పల్చటి పుస్తకం దొరికింది. బళ్ళో పనిచేసి పోయినవాళ్ళ గురించి నాలుగేసి వాక్యాలు రాశారు. ఒక పేజీలో మాస్టారి గొంతు ఆగిపోయింది.

"నువ్వు చదువు" అని పుస్తకం నా వైపు జరిపారు.

అప్పటికి ఆయన పక్కన కూర్చుని నేర్చుకున్న కాస్తతో తడుముకుంటూ చదివాను. ఆవిడ ఆ బళ్ళో వంటమనిషి. వంతెన మీదుగా పనికి వెళ్తూ, అది కూలినప్పుడు మరణించారు. మధ్యలో రెండుసార్లు నా ఉచ్చారణ దిద్దారు. అంతా అయ్యాక, "పేజీ నంబరు రాసుకో" అని చెప్పి బాత్రూమ్ వైపు నడిచారు. చాలాసేపటికి గానీ తిరిగి రాలేదు.

కొత్త వాక్యం రాసి చూపించాను. "'మరణించారు' చాలు. 'దారుణంగా' తీసెయ్" అన్నారు. తీసేశాను.

ఈ సంగతి మాస్టారి భార్యకి, మా ఆంటీకి, చెప్పే వీలు లేకపోయింది. అప్పటికే మతిమరుపు జబ్బు ముదిరి ఆవిడ కేర్ హోమ్‌లో ఉన్నారు. కోడలిగా నేర్చుకున్న తెలుగు ముందు పోయింది. ఆ తర్వాత ఇంగ్లిష్ పోయింది. పుట్టిన ఊరి మాట ఒక్కటే మిగిలింది. మాస్టారు రోజూ మధ్యాహ్నం బస్సులో వెళ్ళి ఆవిడతో ఆ భాషలో కబుర్లు చెప్పి వచ్చేవారు. అక్కడ ఆ భాష తెలిసినవాళ్ళు ఇంకెవరూ లేరు.

అంత్యక్రియలయ్యాక వాళ్ళమ్మాయి నన్ను పక్కకు పిలిచింది. "అక్కా, మామ్‌కి చెప్పాలి. ఐ డోంట్ హావ్ ద వర్డ్స్. చిన్నప్పుడు వాళ్ళు మాట్లాడుకుంటుంటే నేను ఇంగ్లిష్‌లోనే ఆన్సర్ చేసేదాన్ని. నువ్వు ఒకసారి రావా?" అంటూ ఏడ్చింది.

నిన్న ఇద్దరం వెళ్ళాం. ఆంటీ కిటికీ పక్కన కుర్చీలో ఉన్నారు. జుట్టు నున్నగా దువ్వుకుని తయారై కూర్చున్నారు. మా ఇద్దరి వెనక ఇంకెవరైనా ఉన్నారేమోనని తలుపు వైపు చూశారు. "గ్ద్యే యే?" అన్నారు. ఎక్కడున్నాడు అని.

ఆ భాషలో నాకు తెలిసిన మాటలన్నీ పుస్తకాలవే. కట్టారు, కూలింది, మళ్ళీ కట్టారు. మనుషుల గురించి రాసే వ్యాసాల్లో మొదటి వాక్యంలోనే వచ్చే రెండు మాటలు మరీ బాగా వచ్చు: పుట్టాడు, చనిపోయాడు. ఆవిడ అడిగినదానికి సరైన జవాబు నా దగ్గర ఉంది. ఒకే ఒక్క మాట. 'ఉమ్రో'. నోటిదాకా వచ్చింది. ఆవిడ కళ్ళు నా పెదాల మీదే ఉన్నాయి. నేను అనలేకపోయాను. ఆవిడ చెయ్యి పట్టుకుని పక్కన కూర్చున్నాను. వాళ్ళమ్మాయి రెండో చెయ్యి పట్టుకుంది.

బయట మంచు పడుతోంది. కాసేపటికి ఆంటీ మెల్లగా తన చేతులు విడిపించుకున్నారు. రోడ్డు మీద బస్సు ఆగినప్పుడల్లా ముందుకు వంగి, అద్దానికి పట్టిన ఆవిరిని అరచేత్తో తుడిచి, దిగుతున్నవాళ్ళను ఒక్కొక్కరినే చూస్తున్నారు.