మెట్‌పల్లిలో మొదటి చాయ్

రహస్య పోలీసు ఉద్యోగం మానేసి, యుద్ధం వద్దని ఊరూరా మాట్లాడుతున్న రోజులవి. మెట్‌పల్లిలో బస్సు దిగుతుంటే భయమేసింది. ఒకప్పుడు గాజులవాడి వేషంలో ఇక్కడి సభల్లో కూర్చుని, మాటలన్నీ రాసుకుని, మాట్లాడినవాళ్ళను జైలుకు పంపినవాణ్ణి నేను. గుర్తుపడితే నా మాట ఎవరు నమ్ముతారు?

చాయ్ హోటల్ ఖాసిం భాయ్ చూడగానే నవ్వాడు.

"ఏం సారూ, గాజులు తెచ్చినవా? ఆడోళ్ళు లేని సభల గాజులమ్మెటోడు నువ్వొక్కడివే ఉంటివి!"

"అప్పుడే తెలుసా?"

"ఊరందరికి ఎరుకే. గందుకే మొదటి చాయ్ నీకే ఇస్తుంటిమి. గిలాస కాలుతుంటే చెయ్యి రాయదు గదా!"

నేను దాన్ని మర్యాద అనుకుని మురిసిపోయేవాణ్ణి.

సాయంత్రం సభలో ముందు నా తప్పే చెప్పుకున్నాను. ఇంతలో ఖాసిం భాయ్ చాయ్‌లు తెచ్చాడు. అలవాటుగా చెయ్యి చాచాను. ఆయన నన్ను దాటుకుని, వెనక వరుసలో కూర్చున్న కొత్త మనిషి దగ్గరకు నడిచాడు. నడివేసవిలో గొంగళ్ళు అమ్ముకుంటున్నాడా మనిషి.

తిరిగొస్తూ నా చెవిలో, "నీకు ఆఖర్న సారూ. నువ్వు గిప్పుడు మనోనివే గదా," అన్నాడు.

వెనక గొంగళ్ళాయన మురిసిపోతూ చాయ్ ఊదుకుంటున్నాడు.