విక్రాంత్‌లో నా ఉద్యోగం

తెల్లవాళ్ళు రెండో ప్రపంచ యుద్ధం అయ్యాక కట్టడం సగంలో ఆపేసిన ఓడని మనం కొనుక్కుని విక్రాంత్ అని పేరు పెట్టుకున్నాం. దాని మీద విమానాలు దింపిన పైలట్‌నని, కిందటేడు రాజమండ్రి బస్సులో పక్కాయనకి కోతలు కోశాను.

ఆయన మొహం మాడ్చుకున్నాడు. "చక్రాలు డెక్కుకి ఆనగానే ఇంజను ఏం చేసేవారండి?"

"తగ్గించేవాణ్ణండి."

"పెంచాలి. విమానం తోక కొక్కెం డెక్కు మీద ఆపే వైరుకి తగలకపోతే మళ్ళీ ఎగరాలిగా. ఆ వైర్లు పన్నెండేళ్ళు చూసుకున్నాను నేను. ఓడని తుక్కుకింద కోసేశారు. ఇక మిగిలింది మా మాటే. దాన్నీ మీలాంటివాళ్ళు పాడుచేస్తే ఎలాగండి?"

వేరే సీటు లేకపోయినా లేచెళ్ళి, రావులపాలెం దాకా నిలబడే ఉన్నాడు.

నిజానికి ఆ ఓడలో నేను వంటవాణ్ణి. ఆయన నా చేతి అన్నం తినే ఉంటాడు. చెబుదామని రెండుసార్లు లేవబోయాను. ఇంక నమ్మడు.