పియానో లేని పాఠం

కరోనా తగ్గిన మరుసటి ఏడాది నిజామాబాదులో ఒక ప్రైవేటు సంగీత పాఠశాలలో ట్రంపెట్ శిక్షకుడిగా ఉన్నాను. అంతకుముందు పోలీసు బ్యాండులో ఇరవై ఏడేళ్లు ఊది, హెడ్ కానిస్టేబులుగా రిటైరయ్యాను. పాఠశాల తరఫున ఆదివారాలు బోధన్ వెళ్లి సాయిలు అనే ఒక్కడికే పాఠం చెప్పేవాణ్ణి. అతను పెళ్లి బ్యాండులో ట్రంపెట్ వాయించేవాడు. వయసు ముప్పై నాలుగు. ట్రంపెట్‌లో పై గ్రేడు పరీక్ష పాసైతే ఒక బడిలో బ్యాండు మాస్టరుగా తీసుకుంటామన్నారు. ముప్పై ఐదు నిండితే తీసుకోరు, పరీక్ష చూస్తే ఏడాదికోసారే. కాబట్టి అతనికున్నది ఆ ఒక్క పరీక్షే.

పరీక్షకు ఒక ఫ్రెంచి కన్సర్టో ఎంచాను, పియానో తోడుగా ట్రంపెట్ వాయించే రచన. ఫ్రాన్సు సంగీత కళాశాలల్లో విద్యార్థుల పోటీల కోసం రాయించిన ఇలాంటి రచనలు మా వాద్యానికి చాలానే ఉన్నాయి. నిదానంగా సాగే భాగంలో ఊపిరి సత్తా, వేగంగా సాగే భాగంలో నాలుక సత్తా బయటపడతాయి. రెంటి మధ్య కాగితం మీద లావుపాటి అడ్డగీత, దానిపైన తొమ్మిది అంకె ఉంటుంది. అంటే తొమ్మిది బార్లు, మన లెక్కలో తొమ్మిది ఆవర్తాలు, ట్రంపెట్ ఊదకూడదు. పియానో ఒక్కటే వాయిస్తుంది.

బోధన్‌లో మాకు పియానో ఎక్కడిది? బస్సు దిగేసరికే నా నడుము పట్టేసేది. పెళ్లిళ్ల సీజన్లో సాయిలు పెదవులు వాచి ఉండేవి. ఉన్న గంటలో ఖాళీ బార్లు లెక్కపెడుతూ కూర్చోవడం దండగనిపించింది. "గా ఖాళీ బార్లు ఇడిసిపెట్టు సాయిలూ, ముందటికి పో" అనేవాణ్ణి. నాలుగు నెలలు అలాగే సాగింది. కష్టమైన చోట్లన్నీ అతను నాకంటే శుభ్రంగా వాయించాడు.

హైదరాబాదులో పరీక్ష. పియానో వాయించే ఆమెను పరీక్ష వాళ్లే ఏర్పాటు చేశారు. నేను తలుపు బయట కూర్చుని వింటున్నాను. తొమ్మిది బార్ల చోట సాయిలు ఆగకుండా ఊదేశాడు. పియానో ఆగిపోయింది. పరీక్షకుడు మళ్లీ మొదలుపెట్టమన్నాడు. రెండోసారి ఆగాడు గానీ, ఎక్కడ అందుకోవాలో తెలియలేదు కాబోలు, ట్రంపెట్ మళ్లీ వినిపించలేదు. ఫెయిల్ చేశారు.

తిరుగు బస్సులో కామారెడ్డి దాటాక సాయిలు అన్నాడు. "సార్, బరాత్‌ల జెర్ర ఆగితె సాలు, పెండ్లోళ్లు మీదికొస్తరు. పదైదేండ్లు గట్లనే ఊదిన. గీడ ఆగాల్నని నాకెట్ల ఎర్కైతది? మీరు ఒక్కనాడన్న ఆపకపోతిరి."

సిగ్గుతో కిటికీ వైపు తిరిగాను.

ఊదే చోట్లతో పాటు ఊదని చోట్లను కూడా వాయిద్యకారుడికి నేర్పాలి. పియానో లేకపోతే ఆ భాగం మాస్టరే గొంతుతో పాడాలి. ఉద్యోగంలో మిగిలిన రెండేళ్లూ అలాగే చేశాను. సాయిలు మళ్లీ పాఠానికి రాలేదు. తొమ్మిది బార్లు ఎంత నిదానంగా లెక్కపెట్టినా అర నిమిషం దాటదు. ఆ అర నిమిషానికి బద్ధకించి ఒక మనిషి ఉద్యోగం పోగొట్టాను.