రేవుకో పేరు

తడిసిన గొంగడి వాసన తగిలితే నాకు ఇప్పటికీ కోపం వస్తుంది. మొన్న నల్గొండ బస్సులో వానకు తడిసిన గొంగడితో ఒకాయన పక్కన కూర్చుంటే మల్లవ్వ గుర్తొచ్చింది. మా పాలమూరు గుట్టల్లో పుట్టి డిండిలో కలిసే ఒక వాగుకు పేరు పెట్టినవాణ్ణి నేనే. ఆ వాగు పొడవంతా ఒక్క రోజులో నడిచి, ప్లాట్లవాళ్ల చేతుల్లోంచి దాన్ని విడిపించాను కూడా.

తెలంగాణ వచ్చిన కొత్తలో నేను సర్వే ఆఫీసులో నక్షలు గీసేవాణ్ణి. పాత నక్షలో ఆ వాగు పేరు లేని సన్న గీత. గొర్లు కాసే మల్లవ్వ ఒకనాడు వానకు తడిసిన గొంగడి భుజాన వేసుకుని నేరుగా నా బల్ల దగ్గరికి వచ్చింది. ఆమె గొర్లు నీళ్లు తాగే రేవులో ఎవరో ప్లాట్ల కోసం హద్దురాళ్లు పాతారట.

"గది వాగే కాదంటున్నరు సారూ. కాయితంల పేరు లేదంట. మా తాతలు తాగింది మురికి మోరీ నీళ్లా?"

మా అధికారి తల ఎత్తకుండానే, "పేరు లేనిదానికి మనమేం చేస్తాం, పంపించెయ్" అన్నాడు. వాగు ఒడ్డున ఒక్క పూట నిలబడని మనిషి అది వాగా కాదా తేల్చడమేమిటి? ఒళ్లు మండి మల్లవ్వ వెంట బయలుదేరాను.

ఆమె ముందు నడుస్తూ రేవు రేవుకూ పేరు చెప్పింది. బండరేవు, ఈతరేవు, గొర్లరేవు.

"మొత్తం వాగు పేరేంది అవ్వా?"

"మొత్తం వాగు ఎవలు తాగుతరు సారూ? ఏ రేవుల తాగితే గా రేవు పేరు."

నక్షకు మాత్రం ఒకటే పేరు కావాలి. పొడవంతా నడిచానన్నాను కదా, అది కాస్త సాగదీసిన మాట. మూడో రేవు దగ్గరే మోకాళ్లు మొరాయించాయి.

"రాళ్లు పాతిన మా తుమ్మరేవు గా మలుపు అవతలే సారూ, జర నడువు" అంది మల్లవ్వ.

"నాకు అర్థమైందిలే" అని, కూర్చున్నచోటే 'గొర్లరేవు వాగు' అని రాసుకుని వెనుదిరిగాను. ఆ పేరే నక్షకెక్కింది.

అయినా ఆమె నేర్పింది నాలో నిలిచింది. ఎక్కడ నీళ్లు కనబడినా, ముందు అక్కడ తాగేవాళ్లను పేరు అడుగుతాను. కాగితంలో లేదని దేన్నైనా కొట్టేసేవాళ్లతో ఈ వయసులోనూ పోట్లాడతాను.

ఇదంతా రాసి మల్లవ్వ బిడ్డ ఎల్లమ్మకు చదివి వినిపించాను. ఆమె చివరిదాకా విన్నది.

"దేన్ని ఇడిపించినవ్ సారూ? నక్షల గొర్లరేవు ఉన్నది, తుమ్మరేవు లేదని జెప్పి ప్లాట్లోళ్లు మా రేవును మట్టితోని పూడ్చిండ్రు. గొర్లను అమ్ముకున్నం. మా అమ్మ నడువుమంటే నువ్వు నడువలే. గది రాయి."