ముత్తయ్య పోయిండు

నా పదవీ విరమణకు ముందు ఏడాది జూన్‌లో నన్ను పటాలం చరిత్ర రాసే పనికి వేశారు. అప్పటికి నేను సుబేదారును. అంటే ఆఫీసర్లకు, జవాన్లకు మధ్య నిలబడి ఇద్దరి చేతా మాటలు పడేవాణ్ణి. మాది రిజర్వు పదాతి దళం. మా జవాన్లు మామూలు రోజుల్లో పాల్వంచ కరెంటు ప్లాంటులోనో, సొంత పొలంలోనో పని చేసుకుంటారు. ఏటా క్యాంపుకు వస్తారు. వరద వచ్చినా, పైనుంచి పిలుపు వచ్చినా యూనిఫాం వేసుకుంటారు. అలాంటి పటాలానికి చరిత్రేమిటని నవ్వేవాళ్లున్నారు. వాళ్లంటే నాకు ఒళ్లు మంట.

రాసే బాధ్యత కెప్టెన్ గారిది. ఆయనది తెనాలి వైపు, మా పటాలానికి కొత్త, తెలుగు చక్కగా రాస్తారు. వివరాలు చెప్పేవాళ్లను పిలిపించడం నా డ్యూటీ. గోదావరి వరద అధ్యాయం కోసం బోనకల్ నుంచి హవల్దార్ సాయిలును రప్పించాను. భద్రాచలం అవతలి అడవి గూడేల జనాన్ని పడవల్లో ఒడ్డుకు చేర్చిన జట్టు అతనిదే. ఆ పూట నేను స్టోరులో రేషను పనిలో ఉండి, వాళ్ల దగ్గర కూర్చోలేకపోయాను.

"రెండు దినాలు నాయక్ ముత్తయ్య పడవ దిగలే సార్. మూడో దినం పొద్దుగాల పోయిండు. మంచి మనిషి" అన్నాడట సాయిలు.

కెప్టెన్ గారు కలం మూసి లేచి నిలబడ్డారు. ఆఫీసరు లేచాడు కాబట్టి సాయిలూ లేచాడు. ఇద్దరూ కాసేపు మౌనం పాటించారు. ఎందుకని సాయిలు అడగలేదు. సైన్యంలో అది అలవాటు.

నేనింకా చదవని చిత్తుప్రతిలో ముత్తయ్య అమరుడయ్యాడు. పటాలం ఆవిర్భావ దినోత్సవం నాడు అతని భార్యను సత్కరించాలని కెప్టెన్ గారు నా ఎదుటే పాల్వంచలోని వాళ్లింటికి ఫోన్ చేశారు. గొంతు తగ్గించి, ముత్తయ్య గారి ఇంట్లోవాళ్లతో మాట్లాడాలన్నారు.

"వాళ్లెందుకు సార్? ముత్తయ్యనే మాట్లాడుతున్న" అని వినిపించింది.

మా వైపు బజారుకు వెళ్లినా పోయిండే. ఆయన వైపు వెళ్లేవాడు వెళ్తాడు, చచ్చేవాడే పోతాడు. కెప్టెన్ గారు ముందు సంతోషించారు. తర్వాత ముఖం మారింది. చనిపోకపోతే మూడో రోజు ఎటు వెళ్లినట్టు? వరద పనిలో ఉన్న మా కంపెనీకి అప్పటికి ఇళ్లకు వెళ్లమనే ఆర్డరు రాలేదు. ఆర్డరు లేకుండా కదిలినవాణ్ణి సైన్యం గైర్హాజరు అంటుంది. అమరుడన్న మాట కొట్టేస్తే గైర్హాజరని రాయక తప్పదేమో అన్నారాయన.

మర్నాడు ముత్తయ్య ప్లాంటు బట్టల్లోనే వచ్చి సెల్యూట్ చేశాడు. "సచ్చిండని రాసినా ఊకుంట సార్. పారిపోయిండని మాత్రం రాయకుండ్రి. నా బిడ్డ చదువుతది" అన్నాడు.

సాయిలును మళ్లీ పిలిపించాను. ఈసారి పక్కనే కూర్చున్నాను. ముత్తయ్య ఎటు పోయిండని అడిగాను.

"షిఫ్టుకు సాబ్. ప్లాంటుల మనుషుల్లేరని ఫోనొస్తే మా కంపెనీ కమాండర్ మేజర్ సాబే జీపెక్కిచ్చిండు. జల్దీ పో, దవాఖానాకు కరెంటు ఆగొద్దన్నడు."

ఇది మొదటే ఎందుకు చెప్పలేదని కెప్టెన్ గారు నిలదీశారు.

"ఎటని మీరడగలే సార్. లేచి నిలబడ్డరు."

పుస్తకంలో చివరకు ఇలా అచ్చయింది: "రెండు రోజుల పడవ విధి ముగించి, కంపెనీ కమాండర్ ఆదేశంపై నాయక్ ముత్తయ్య ప్లాంటు షిఫ్టుకు వెళ్లాడు." మొత్తం చరిత్రలో నాకు నచ్చిన వాక్యం అదే. రిజర్వు జవాను ఒక పని ముగించి ఇంకో పనికి వెళ్తాడు. ఎటు వెళ్లాడో అడక్కుండా రాస్తే అతను అమరుడో, పారిపోయినవాడో అవుతాడు. ఇన్నేళ్ల ఉద్యోగంలో చరిత్ర గురించి నేను నేర్చుకున్నది ఇంతే.

నా వీడ్కోలు భోజనాల దగ్గర ఎవరో "సుబేదార్ సాబ్ గూడ పోతుండు" అన్నారు. కెప్టెన్ గారు తింటున్న చెయ్యి ఆపి, "ఎటు?" అన్నారు. మా ఊరు తిరుమలాయపాలెం, పొలానికి అని చెప్పాను. అప్పుడు గానీ ఆయన మళ్లీ ముద్ద కలపలేదు.