దెబ్బలు తినే బొమ్మ

ఆఫీసు నుంచి రాగానే అతను చెమట చొక్కాతోనే కంప్యూటరు ముందు కూలబడతాడు. మౌసు మీద జిడ్డు నల్లగా పేరుకుపోయింది. కీబోర్డు సందుల నిండా అతను కొరికి ఉమ్మిన గోళ్లు. మనకు నచ్చిన మనుషుల్ని చేర్చుకోగలిగే ఫైటింగ్ గేమ్ ఒకటి నెట్లోంచి దించుకుని, తన మేనేజరునీ ఇంటి ఓనరునీ ఫోటోలతో అందులోకి ఎక్కించాడు. వాళ్లకి పిడిగుద్దులూ ఎగిరి తన్నడాలూ నేర్పాడు. తర్వాత చెల్లెలి వంతు వచ్చింది. ఆమె సంబరంగా గోడ ముందు నిలబడింది.

"ముఖం పక్కకి తిప్పు. కడుపు పట్టుకో. ఇప్పుడు పడిపో," అంటూ ఫోటోలు తీశాడు.

"మరి నేను కొట్టేవి తియ్యవా అన్నయ్యా?"

"అవెందుకే? నువ్వెవర్ని కొడతావు?"

మర్నాడు ఆమె ఆడటానికి కూర్చుంది. మేనేజరు గుద్దాడు, ఓనరు తన్నాడు. ఏ బటను నొక్కినా ఆమె బొమ్మ చెయ్యెత్తలేదు, కడుపు పట్టుకుని పడిపోతూనే ఉంది. అతను పొట్ట గోక్కుంటూ, పళ్లలో ఇరుక్కున్నది వేలితో లాక్కుంటూ పగలబడి నవ్వాడు.

"నన్నందులోంచి తీసెయ్ అన్నయ్యా."

"తీసేస్తే ఎలాగే? మా ఫ్రెండ్సందరికీ పొద్దున్నే ఈ గేమ్ పంపించా. నీతోనే తెగ ఆడుకుంటున్నారు," అన్నాడతను, ఆ వేలు చప్పరిస్తూ.